ఐఎన్ఆర్ రిపోర్టు ఎలా చదవాలి, ఎలా వాడుకోవాలి

రక్తం గడ్డకట్టడానికి ఎంత సమయం పడుతోందో చెప్పే పరీక్ష ఐఎన్ఆర్. రిపోర్టులో ఐఎన్ఆర్ 2.6 అని ఉంటుంది. దాని పక్కనే 'హెచ్' అన్న అక్షరం, అంటే హై అని. నార్మల్ అన్న గడిలో 0.8 నుంచి 1.2 అని రాసి ఉంటుంది. చూసినవాళ్లకి గుండె ఝల్లుమంటుంది. డాక్టరు మాత్రం అదే కాగితం చూసి "బాగుంది, మందు ఇలాగే వాడండి" అని పంపేస్తారు. రక్తం పల్చబడే మాత్రలు వాడే ఇళ్లలో ఈ టెన్షన్ మామూలే. మీరు ఆ మాత్ర వేసుకుంటున్న సంగతి ల్యాబ్ కంప్యూటరుకి తెలియదు. మాత్ర వాడని మనిషికి ఉండాల్సిన అంకెతో పోల్చి హెచ్ కొట్టేస్తుంది. మీకు ఉండాల్సిన అంకె వేరు. ఆ అంకె ఏమిటో ఎలా తెలుసుకోవాలి, రిపోర్టును దానితో ఎలా పోల్చాలి, తేడా వస్తే కారణం ఎక్కడ వెతకాలి అన్నది వరసగా చూద్దాం.

ముందే ఒక మాట. డోసు మార్చే పని డాక్టరుది. ఇది చదివి మీ అంతట మీరు మాత్ర తగ్గించడం, పెంచడం చేయొద్దు. అయితే డోసు సరిగ్గా కుదరాలంటే డాక్టరుకి కావాల్సిన సమాచారం మీ దగ్గరే ఉంటుంది. దాన్ని పోగుచేసి ఇవ్వడం మీ వంతు.

మొదట: ఆ అంకె ఎలా వస్తుందో తెలుసుకోండి

రక్తం గడ్డకట్టడానికి క్లాటింగ్ ఫ్యాక్టర్లు అనే ప్రొటీన్లు కావాలి. వాటిలో చాలావాటిని లివరు తయారుచేస్తుంది. 2, 7, 9, 10 నంబర్ల ఫ్యాక్టర్లు పనికొచ్చేలా తయారవ్వాలంటే విటమిన్ కె ఉండి తీరాలి. రక్తం పల్చబడే మాత్రల్లో వార్ఫరిన్, అసినోకౌమరాల్ అనేవి లివరులో ఆ విటమిన్ పనికి అడ్డుపడతాయి. దాంతో ఈ నాలుగు ఫ్యాక్టర్లూ తగ్గి, రక్తం గడ్డకట్టడానికి ఎక్కువ సమయం పడుతుంది. రక్తం పల్చబడుతుందని మనం వాడుకలో అంటాం గానీ, చిక్కదనం ఏమీ మారదు.

ఎంత ఎక్కువ సమయం పడుతోందో కొలవడానికి ల్యాబ్‌లో మీ ప్లాస్మాకి, అంటే రక్తంలోని ద్రవభాగానికి, గడ్డకట్టించే థ్రాంబోప్లాస్టిన్ అనే రీఏజెంట్ (పరీక్షలో వాడే రసాయనం), కాల్షియం కలుపుతారు. కలిపిన క్షణం నుంచి గడ్డ ఏర్పడేదాకా ఎన్ని సెకన్లు పట్టిందో చూస్తారు. అదే ప్రోథ్రాంబిన్ టైమ్. రిపోర్టులో పీటీ అని ఉండేది ఇదే. మందు వాడనివాళ్లలో సాధారణంగా 11 నుంచి 13 సెకన్ల చుట్టూ ఉంటుంది. అమెరికన్ వైద్యుడు ఆర్మండ్ క్విక్ 1935లో వివరించిన పరీక్ష ఇది. మూలసూత్రం ఇప్పటికీ అదే.

చిక్కల్లా రీఏజెంటుతో వచ్చింది. ఒక కంపెనీ థ్రాంబోప్లాస్టిన్ చురుగ్గా స్పందిస్తుంది, ఇంకో కంపెనీది మందకొడిగా ఉంటుంది. అదే మనిషి, అదే రక్తం, రెండు ల్యాబుల్లో రెండు రకాల సెకన్లు. ఒకచోట చూపించిన రిపోర్టు ఇంకోచోట పనికొచ్చేది కాదు. ఈ గందరగోళాన్ని తీర్చడానికి ప్రపంచ ఆరోగ్య సంస్థ 1983లో ఇంటర్నేషనల్ నార్మలైజ్డ్ రేషియో అనే లెక్కను తెచ్చింది. ఐఎన్ఆర్ అంటే అదే. దీని కోసం ప్రతి రీఏజెంటుకీ ఐఎస్ఐ అనే సున్నితత్వపు సూచిక ఇస్తారు. అంతర్జాతీయ ప్రమాణ రీఏజెంటుకి సరిసమానంగా స్పందిస్తే ఐఎస్ఐ 1.0. మందకొడిగా ఉన్నకొద్దీ ఆ సంఖ్య పెరుగుతుంది.

లెక్క ఇలా ఉంటుంది: మీ పీటీని ల్యాబ్ వారి సగటు నార్మల్ పీటీతో భాగించాలి. వచ్చిన దాన్ని ఐఎస్ఐ ఘాతానికి పెంచాలి. నార్మల్ పీటీ రెండు ల్యాబుల్లోనూ 12 సెకన్లే అనుకుందాం. మొదటి ల్యాబ్ రీఏజెంటు ఐఎస్ఐ 1.0, మీ పీటీ 36 సెకన్లు వచ్చింది. 36ని 12తో భాగిస్తే 3. ఐఎన్ఆర్ 3.0. రెండో ల్యాబ్ రీఏజెంటు ఐఎస్ఐ 2.0, అక్కడ మీ పీటీ 20.8 సెకన్లే వచ్చింది. భాగిస్తే 1.73, దాని వర్గం 3.0. సెకన్లలో 15 తేడా ఉన్నా రక్తం పరిస్థితి ఒకటే. సెకన్లను పక్కనపెట్టి ఐఎన్ఆర్ మాత్రమే చూడమని డాక్టర్లు చెప్పేది ఇందుకే.

ఇంటర్నెట్లో వెతికినవాళ్లకి వెంటనే కనిపించే విషయం ఒకటుంది: వార్ఫరిన్ ఎలుకల మందు అని. నిజమే, 1948లో అది ఎలుకల మందుగానే మార్కెట్లోకి వచ్చింది. 1954లో మనుషుల వైద్యానికి అమెరికాలో అనుమతి వచ్చింది. ఆ మరుసటి ఏడాది గుండెపోటు వచ్చిన అధ్యక్షుడు ఐసెన్‌హోవర్‌కి కూడా ఇచ్చారు. మందుకీ విషానికీ తేడా మోతాదులోనే ఉంది. ఆ మోతాదు ఎక్కడుందో చెప్పేదే ఐఎన్ఆర్. ఎలుకల మందన్న మాట విని మాత్రలు మానేసినవాళ్లు పక్షవాతంతో ఆసుపత్రికి రావడం డాక్టర్లకు కొత్త కాదు.

రెండోది: మీ టార్గెట్ రాయించుకోండి

నార్మల్ గడిని మీ పెన్నుతో కొట్టేయండి. దాని స్థానంలో మీ టార్గెట్ రాసుకోండి. అది మీకు తెలియకపోతే తర్వాతిసారి డాక్టరును అడగాల్సిన మొదటి ప్రశ్న అదే.

గుండె లయ తప్పే ఏట్రియల్ ఫిబ్రిలేషన్‌కీ, కాలి సిరల్లో గడ్డకీ, ఊపిరితిత్తుల్లో గడ్డకీ వాడేవాళ్లలో సాధారణంగా 2 నుంచి 3 మధ్య ఉంచుతారు. గుండెలో మైట్రల్ కవాటం స్థానంలో మెటల్ వాల్వ్ వేసినవాళ్లకి 2.5 నుంచి 3.5. అయోర్టిక్ కవాటం స్థానంలో కొత్తరకం మెటల్ వాల్వ్ ఉండి ఇతర ముప్పులేవీ లేకపోతే చాలాసార్లు 2 నుంచి 3 సరిపోతుంది. వాల్వ్ రకాన్ని బట్టి, పాత గడ్డల చరిత్రను బట్టి డాక్టరు దీన్ని మారుస్తారు. కాబట్టి పక్కింటివాళ్ల టార్గెట్ మీది కాదు, ఇద్దరికీ గుండె ఆపరేషనే అయినా సరే.

ఈ హద్దులు ఊరికే పెట్టినవి కావు. ఏట్రియల్ ఫిబ్రిలేషన్ ఉన్నవాళ్లలో ఐఎన్ఆర్ 2 కంటే కిందికి జారిన కొద్దీ పక్షవాతం ముప్పు గబగబా పెరుగుతుంది. 4 దాటిన కొద్దీ మెదడులో రక్తస్రావం ముప్పు పెరుగుతుంది. మాత్ర వాడుతూ ఐఎన్ఆర్ 1.1 వచ్చిందంటే ల్యాబ్ దృష్టిలో అది నార్మల్, హెచ్ గుర్తు పడదు. మీ దృష్టిలో మాత్రం ఆ మాత్ర వేసుకున్నా వేసుకోనట్టే. హెచ్ చూసి భయపడేవాళ్లు ఎక్కువ గానీ, గుర్తు లేని ఈ 1.1ని చూసి హమ్మయ్య అనుకునేవాళ్ల గురించే నాకు ఎక్కువ బెంగ.

టార్గెట్‌తో పాటు ఇంకో రెండు విషయాలు రాయించుకోండి: మందు ఎందుకు వాడుతున్నారు, ఎంతకాలం వాడాలి. కాలి గడ్డకి మూడు నెలలు చాలవచ్చు. మెటల్ వాల్వ్‌కి జీవితాంతం. ఈ మూడు ముక్కలూ ఒక చిన్న కార్డు మీద రాసి పర్సులో పెట్టుకుంటే, అత్యవసరంలో మిమ్మల్ని మొదటిసారి చూసే డాక్టరుకి పది నిమిషాలు కలిసొస్తాయి.

మూడోది: రక్తం ఇచ్చేటప్పుడు గమనించాల్సినవి

పరగడుపున వెళ్లాల్సిన పని లేదు. ఉదయం రక్తం ఇచ్చి, మాత్ర సాయంత్రం వేసుకునే అలవాటు మంచిది. రిపోర్టు మధ్యాహ్నానికి వస్తే, డోసు మార్చాల్సి వచ్చినా ఆ రోజు మాత్రకే మార్చేయొచ్చు. ఉదయమే మాత్ర వేసుకుంటే మార్పు ఒక రోజు వెనకబడుతుంది.

ఇక ట్యూబు. ఐఎన్ఆర్‌కి లేత నీలం రంగు మూత ఉన్న ట్యూబు వాడతారు. దాని అడుగున 3.2 శాతం సోడియం సిట్రేట్ ద్రవం ముందే ఉంటుంది. తొమ్మిది వంతుల రక్తానికి ఒక వంతు సిట్రేట్, ఇదీ కొలత. ట్యూబు మీద గీత ఉంటుంది, రక్తం అక్కడిదాకా రావాలి. నరం దొరకక సగమే నిండితే సిట్రేట్ పాలు ఎక్కువైపోతుంది. పరీక్షలో కలిపే కాల్షియాన్ని అదనపు సిట్రేట్ పట్టేసుకుంటుంది, గడ్డ ఆలస్యంగా కడుతుంది, ఐఎన్ఆర్ ఉన్నదానికంటే ఎక్కువగా కనిపిస్తుంది. మంచి ల్యాబ్ అలాంటి శాంపిల్‌ని వెనక్కి పంపి మళ్లీ రక్తం అడుగుతుంది. మళ్లీ సూదా అని విసుక్కోకండి. తప్పుడు అంకెతో డోసు మారడం కంటే ఇంకో సూదిపోటు నయం.

ట్యూబు నిండగానే నాలుగైదుసార్లు నెమ్మదిగా తలకిందులు చేసి కలపాలి. గట్టిగా ఊపకూడదు. ఇంటికి వచ్చి రక్తం తీసుకెళ్లేవాళ్లుంటే శాంపిల్‌ని ఫ్రిజ్‌లో పెట్టొద్దని చెప్పండి. పీటీ శాంపిల్‌ని మూత తీయకుండా మామూలు గది ఉష్ణోగ్రతలో 24 గంటల దాకా ఉంచొచ్చు. చల్లదనానికి ఏడో ఫ్యాక్టర్ చురుకెక్కి ఫలితం తారుమారు కావచ్చు.

హిమోగ్లోబిన్ బాగా ఎక్కువగా ఉండేవాళ్లు, అంటే హెమటోక్రిట్ (రక్తంలో ఎర్ర రక్తకణాల పాలు) 55 శాతం దాటినవాళ్లు, ఆ సంగతి ల్యాబ్‌కి ముందే చెప్పాలి. వాళ్ల రక్తంలో ప్లాస్మా తక్కువ కాబట్టి ట్యూబులో సిట్రేట్ తగ్గించాల్సి ఉంటుంది. మిగతావాళ్లు దీని గురించి ఆలోచించక్కర్లేదు.

వీలైనంతవరకూ ఒకే ల్యాబ్‌కి వెళ్లండి. తేడాలు తగ్గించడానికే ఐఎన్ఆర్ పుట్టినా, ల్యాబుల మధ్య చిన్న తేడా ఇంకా మిగిలే ఉంటుంది.

నాలుగోది: రిపోర్టును ఈ వరసలో చదవండి

పేరు, తేదీ, రక్తం తీసిన సమయం. ఇవి చూడకుండా పాత రిపోర్టును కొత్తదనుకుని ఫోన్‌లో డాక్టరుకి పంపేవాళ్లు చాలామందే ఉంటారు.

తర్వాత ఐఎన్ఆర్ అన్న వరస ఒక్కటే చూడండి. పీటీ సెకన్లు, కంట్రోల్ సెకన్లు, ఐఎస్ఐ ఇవన్నీ పైన చెప్పిన లెక్కకి ముడిసరుకులు. కొన్ని రిపోర్టుల్లో ప్రోథ్రాంబిన్ ఇండెక్స్ అని శాతంలో ఇంకో అంకె ఉంటుంది. అది తిరగేసిన లెక్క: మందు పనిచేసిన కొద్దీ తగ్గుతుంది. ఐఎన్ఆర్ పెరిగింది, ఇండెక్స్ తగ్గింది, మరి మంచా చెడ్డా అని తికమక పడొద్దు. దాన్ని వదిలేయండి.

ఇప్పుడు మీ టార్గెట్‌తో పోల్చండి. ఆ తర్వాత కిందటి రెండు మూడు రిపోర్టులతో పోల్చండి. ఈ రెండో పోలికే అసలైనది. టార్గెట్ 2 నుంచి 3 ఉన్న మనిషికి 2.4, 2.5, 2.3, ఇప్పుడు 3.2 వస్తే అది పెద్ద విషయం కాదు. చాలాకాలంగా నిలకడగా ఉండి, ఒక్కసారి 0.5 లోపు పక్కకి పోతే అదే డోసు కొనసాగించి ఒకటి రెండు వారాల్లో మళ్లీ పరీక్ష చేయడం ఆమోదం ఉన్న పద్ధతే. డాక్టరు డోసు మార్చలేదని కంగారు పడకండి. ప్రతి చిన్న తేడాకీ డోసు మారిస్తే అంకె ఈసారి పైకి, వచ్చేసారి కిందికి కొట్టుకుంటూనే ఉంటుంది. అదే 2.1, 2.6, 3.2 అని వరసగా ఎక్కుతూ వస్తే మాత్రం ఏదో జరుగుతోందని అర్థం, ఆ 3.2 చిన్న అంకెలా కనిపించినా సరే.

డోసు చీటీ కూడా ఇక్కడే అర్థం చేసుకోవాలి. వార్ఫరిన్ డోసును డాక్టర్లు వారానికి లెక్కగడతారు. రోజూ 5 మిల్లీగ్రాములంటే వారానికి 35. సాధారణంగా మార్పు వారం మొత్తంలో 5 నుంచి 20 శాతం మధ్యే ఉంటుంది. "సోమవారం, గురువారం సగం మాత్ర, మిగతా రోజులు ఒకటి" అని రాస్తే వారానికి 30 అయింది, అంటే సుమారు 14 శాతం తగ్గించారన్నమాట. చీటీ వింతగా కనిపించడానికి కారణం ఇదే. ఇలా రాసినప్పుడు ఏడు రోజుల పట్టీ ఒకటి గీసి, ఏ రోజు ఎన్ని మిల్లీగ్రాములో అందులో నింపి, వేసుకున్నాక టిక్కు పెట్టండి. మాత్రల లెక్క కాకుండా మిల్లీగ్రాములే రాయండి. వార్ఫరిన్ 1, 2, 5 మిల్లీగ్రాముల్లో దొరుకుతుంది. "రోజుకి ఒకటి" అన్న మాటను పట్టుకుని, 2 అయిపోయాక 5 డబ్బా తెచ్చుకుంటే ఏమవుతుందో వేరే చెప్పక్కర్లేదు.

ఇంకొకటి. వార్ఫరిన్ సగం ఖర్చవడానికే దాదాపు 40 గంటలు పడుతుంది. దానికి తోడు, ఉన్న ఫ్యాక్టర్లు కరగడానికి ఇంకొంత కాలం. నిన్న డోసు మార్చి ఇవాళ పరీక్ష చేయిస్తే పాత డోసు ఫలితమే కనిపిస్తుంది. మార్పు తెలియడానికి కనీసం రెండు మూడు రోజులు, పూర్తిగా నిలవడానికి వారం పైనే పడుతుంది. అసినోకౌమరాల్ ఒంట్లోంచి ఇంతకంటే త్వరగా పోతుంది, ఒక్క మాత్ర మరిచినా దాని ప్రభావం తొందరగా బయటపడుతుంది.

అయిదోది: అంకె తప్పితే వెనక్కి వెళ్లి వెతకండి

ఈ వ్యాసంలో ఒక్క భాగమే గుర్తుపెట్టుకునే ఓపిక ఉంటే, ఇది గుర్తుపెట్టుకోండి. అంకె దారి తప్పిన ప్రతిసారీ గడిచిన పది పదిహేను రోజుల్లో ఏం మారిందో వెతకాలి. అందుకే రిపోర్టుల ఫైలులోనే ఒక డైరీ ఉండాలి. తేదీ, వేసుకున్న డోసు, కొత్తగా ఏమైనా జరిగితే ఒక ముక్క.

ఉదాహరణకి డైరీలో ఇలా ఉందనుకుందాం. 3వ తేదీ ఐఎన్ఆర్ 2.4, వారానికి 35. 17వ తేదీ 2.6, వారానికి 35. 22వ తేదీ: పంటి చిగురు వాపు, మెట్రొనిడజోల్ మొదలు, సరిగ్గా తినడం లేదు. 27వ తేదీ ఐఎన్ఆర్ 4.1. డోసు మారలేదు, మాత్ర తప్పలేదు, అయినా అంకె ఎగిరింది. డైరీ లేకపోతే "ఏమో డాక్టర్ గారూ, అంతా మామూలుగానే ఉన్నాను" అంటారు, వార్ఫరిన్ డోసు శాశ్వతంగా తగ్గిపోతుంది. యాంటీబయాటిక్ కోర్సు అయిపోయాక అంకె 1.6కి పడిపోతుంది. డైరీ ఉంటే డాక్టరు తాత్కాలికంగా సర్దుబాటు చేసి, కోర్సు అయ్యాక పాత డోసుకి తెస్తారు.

మెట్రొనిడజోల్, కోట్రైమాక్సజోల్ అనే యాంటీబయాటిక్‌లు, ఫంగస్‌కి వాడే ఫ్లుకోనజోల్, గుండె లయకి వాడే అమియోడరోన్ ఐఎన్ఆర్‌ని పెంచుతాయి. అమియోడరోన్ ప్రభావం నెమ్మదిగా, వారాల తరబడి పెరుగుతుంది, ఆపేశాక కూడా చాలాకాలం ఉంటుంది. క్షయకి వాడే రిఫాంపిసిన్, మూర్ఛకి వాడే కార్బమజెపిన్ తగ్గిస్తాయి. రిఫాంపిసిన్ మొదలైతే డోసు బాగా పెంచాల్సి రావచ్చు. అది ఆపేసిన తర్వాతి వారాలు ఇంకా ప్రమాదం, ఎందుకంటే పెంచిన డోసు అలాగే ఉండిపోతే ఐఎన్ఆర్ ఆకాశానికెక్కుతుంది. పారాసెటమాల్ ఒకటి రెండు మాత్రలకి భయం లేదు. రోజుల తరబడి పూర్తి మోతాదులో వాడితే మాత్రం అంకె పెరగవచ్చు.

ఆస్పిరిన్, ఐబుప్రోఫెన్, డైక్లోఫెనాక్ లాంటి నొప్పి మందుల సంగతి వేరు, వీటిలో ఒక మోసం ఉంది. ఇవి ఐఎన్ఆర్‌ని పెద్దగా కదిలించకపోవచ్చు, రిపోర్టు చక్కగా 2.5 చూపిస్తుంది. లోపల మాత్రం ప్లేట్‌లెట్లని పనిచేయనివ్వకుండా, కడుపు పొరని దెబ్బతీసి రక్తస్రావం ముప్పు పెంచుతాయి. అంకె బాగుంది కదా అని వీటిని వాడేయకూడదు. డాక్టరే గుండె కోసం ఆస్పిరిన్ కలిపి రాస్తే అది తెలిసి రాసింది, దాన్ని మానేయొద్దు. మూలికల మందులకి కూడా ఇదే జాగ్రత్త. సహజమైనవని చెప్పినంత మాత్రాన లివరు వాటిని వేరేగా చూడదు. సెయింట్ జాన్స్ వర్ట్ అనే మూలిక ఐఎన్ఆర్‌ని తగ్గిస్తుందని స్పష్టంగా తెలుసు.

తిండి విషయంలో జనం చేసే పెద్ద పొరపాటు ఆకుకూరలు పూర్తిగా మానేయడం. వాటిలో విటమిన్ కె ఎక్కువ, నిజమే. కానీ బొత్తిగా మానేసినవాళ్లలో విటమిన్ నిల్వలు అడుగంటి, ఒక్క రోజు కొంచెం తిన్నా అంకె ఊగిపోతుంది. రోజూ ఇంచుమించు ఒకేలా తింటే డోసు దానికి తగ్గట్టు కుదురుతుంది. ఇవాళ బొత్తిగా లేకుండా, రేపు పళ్లెం నిండా తినడమే చిక్కు. జ్వరం, విరేచనాలు, నాలుగు రోజులు తిండి సయించకపోవడం, గుండె బలహీనపడి ఒళ్లు నీరు పట్టడం కూడా ఐఎన్ఆర్‌ని పెంచుతాయి. మద్యం ఒక్కసారిగా ఎక్కువ తాగితే పెరగొచ్చు, ఏళ్ల తరబడి తాగేవాళ్లలో ఎటైనా పోవచ్చు.

మాత్ర మరిచిపోతే? అదే రోజు గుర్తొస్తే వేసుకోండి. మరునాడు గుర్తొస్తే దాన్ని వదిలేసి, ఆ రోజుది మాత్రమే వేసుకోండి. రెండూ కలిపి వేసుకోవద్దు. మరిచిన సంగతి డైరీలో రాయండి, డాక్టరు తిడతారని దాచొద్దు. దాస్తే ఆయన డోసు పెంచుతారు.

ఆరోది: ఎప్పుడు ఫోన్ చేయాలి, ఎప్పుడు పరుగెత్తాలి

రక్తస్రావం ఉంటే అంకెతో పని లేదు. ఐఎన్ఆర్ 2.2 అయినా సరే, నల్లగా తారులా విరేచనం, రక్తపు వాంతి, ఎర్రటి మూత్రం, పది నిమిషాలు గట్టిగా నొక్కిపట్టినా ఆగని ముక్కు రక్తం, ఎప్పుడూ లేనంత తలనొప్పి ఉంటే నేరుగా ఆసుపత్రికి వెళ్లాలి. తలకి గట్టి దెబ్బ తగిలితే, బాగానే ఉన్నట్టు అనిపించినా వెళ్లాలి. లోపలి రక్తస్రావం గంటల తర్వాత బయటపడొచ్చు.

రక్తస్రావం లేకుండా అంకె మాత్రమే పెరిగితే అంత హడావుడి ఉండదు. 4.5 లోపైతే సాధారణంగా ఒక డోసు తగ్గించి లేదా ఆపి త్వరగా మళ్లీ పరీక్ష చేస్తారు. 4.5 నుంచి 10 మధ్య ఒకటి రెండు డోసులు ఆపుతారు, విటమిన్ కె అందరికీ ఇవ్వరు. 10 దాటితే నోటి ద్వారా విటమిన్ కె ఇస్తారు. తీవ్రమైన రక్తస్రావం ఉంటే నరంలోకి విటమిన్ కెతో పాటు క్లాటింగ్ ఫ్యాక్టర్లు కూడా ఎక్కిస్తారు. ఇవి డాక్టరు ఎలా ఆలోచిస్తారో తెలియడానికి చెప్పినవి. రిపోర్టులో 4 దాటిన అంకె కనిపిస్తే అదే రోజు ఫోన్ చేసి, ఆ సాయంత్రం మాత్ర వేసుకోవాలో వద్దో అడిగి తేల్చుకోండి.

తక్కువ అంకెకీ ఇంతే విలువివ్వాలి. మెటల్ వాల్వ్ ఉన్నవాళ్లకి 1.5 వస్తే తర్వాతి అపాయింట్‌మెంట్ దాకా ఆగొద్దు, ఆ రోజే చెప్పాలి. మూతి వంకర పోవడం, ఒక పక్క చేయి కాలు పట్టు తప్పడం, మాట తడబడటం, హఠాత్తుగా ఆయాసం, ఒక కాలే వాచి నొప్పెట్టడం ఇవన్నీ గడ్డ లక్షణాలు. వాల్వ్ కొట్టుకునే టిక్కు శబ్దం అలవాటైనవాళ్లు, అది మూగబోయినట్టు అనిపిస్తే తేలిగ్గా తీసుకోకూడదు.

కొత్తగా మొదలుపెట్టినవాళ్లకి

మొదటి వారంలో ఐఎన్ఆర్ కొంచెం మోసం చేస్తుంది. ఏడో ఫ్యాక్టర్ సుమారు ఆరు గంటల్లోనే సగానికి తగ్గిపోతుంది. గడ్డ కట్టడంలో అసలు బలం రెండో ఫ్యాక్టర్‌ది, అది సగం అవ్వడానికి రెండున్నర మూడు రోజులు పడుతుంది. దాంతో మూడో రోజుకే ఐఎన్ఆర్ 2 చూపించినా, రక్షణ ఇంకా పూర్తిగా రాలేదు. గడ్డ ఉన్నవాళ్లకి మాత్రతో పాటు, వెంటనే పనిచేసే హెపారిన్ ఇంజెక్షన్లు కనీసం అయిదు రోజులు, ఐఎన్ఆర్ 2 పైన 24 గంటలు నిలిచేదాకా ఇచ్చేది అందుకే. "అంకె వచ్చేసింది కదా, ఇంజెక్షన్లు ఎందుకు" అని మధ్యలో ఆపించుకోకండి.

మొదట్లో రెండు మూడు రోజులకోసారి పరీక్ష, తర్వాత వారానికి, నిలకడగా ఉంటే నాలుగు వారాలకి ఒకసారి. ఎక్కువ కాలం అంకె నిలకడగా ఉన్నవాళ్లకి కొందరు డాక్టర్లు 12 వారాల దాకా పొడిగిస్తారు. కొత్త మందు ఏది మొదలైనా, ఆపినా ఈ లెక్క పక్కనపెట్టి అయిదారు రోజుల్లో పరీక్ష చేయించాలి.

గర్భం ధరించే ఆలోచన ఉన్నవాళ్లు ముందే చెప్పాలి, నెల తప్పితే ఆ రోజే చెప్పాలి. వార్ఫరిన్ మొదటి నెలల్లో, ముఖ్యంగా 6 నుంచి 12 వారాల మధ్య, బిడ్డ ఎదుగుదలకి హాని చేయగలదు. అలాగని సొంతంగా ఆపేస్తే తల్లికి ప్రాణాపాయం. ఇది డాక్టరు పక్కన కూర్చుని తేల్చుకోవాల్సిన విషయం.

ఐఎన్ఆర్ పనికిరాని చోట్లు

రక్తం గడ్డకట్టకుండా వాడే కొత్తరకం మందులు అపిక్సబాన్, రివరాక్సబాన్, డాబిగాట్రాన్ వాడేవాళ్లకి ఐఎన్ఆర్‌తో డోసు చూడరు. ఇవి విటమిన్ కె దారిలో పనిచేయవు. వీటి మీద ఉన్న మనిషికి 1.1 వచ్చినా మందు పూర్తిగా పనిచేస్తూ ఉండొచ్చు. ఇంట్లో ఒకరు వార్ఫరిన్, ఒకరు అపిక్సబాన్ వాడుతుంటే ఇద్దరినీ ల్యాబ్‌కి తీసుకెళ్లక్కర్లేదు. "ఆ పరీక్షల గొడవ లేదు కదా" అని మెటల్ వాల్వ్ ఉన్నవాళ్లు ఈ కొత్త మందులకి మారడం కుదరదు. మెటల్ వాల్వ్ రోగుల మీద డాబిగాట్రాన్ పరీక్షిస్తే గడ్డలూ, రక్తస్రావమూ రెండూ ఎక్కువయ్యాయి, ఆ ప్రయోగాన్ని మధ్యలోనే ఆపేశారు, ఫలితాలు 2013లో ప్రచురించారు.

లివరు జబ్బులో ఏ మందూ వాడకుండానే ఐఎన్ఆర్ పెరుగుతుంది, ఫ్యాక్టర్లు తయారుకావు కాబట్టి. అక్కడ ఆ అంకె లివరు శక్తికి కొలత. లివరు మార్పిడి అవసరాన్ని లెక్కగట్టే మెల్డ్ స్కోరులో దానికి చోటుంది. అయితే లివరు రోగికి 1.8 ఉందంటే వార్ఫరిన్ వాడేవాళ్ల 1.8లా రక్తం గడ్డకట్టకుండా రక్షణ ఉన్నట్టు కాదు. గడ్డని ఆపే ప్రొటీన్లు కూడా వాళ్లలో తగ్గి ఉంటాయి, పీటీ పరీక్ష ఆ వైపు చూడదు.

ఇంట్లో మీటరుతో చూసుకునేవాళ్లకి

వేలి చుక్కతో ఐఎన్ఆర్ చూపే మీటర్లు ఉన్నాయి, సరిగ్గా నేర్చుకుని వాడేవాళ్లకి మంచి సదుపాయం. కొన్న కొత్తలో ఒకే రోజు మీటరులోనూ ల్యాబ్‌లోనూ చూసి పోల్చుకోండి. 2, 3 దగ్గర చిన్న తేడా ఫర్వాలేదు. పైకి పోయిన కొద్దీ తేడా పెరుగుతుంది, కాబట్టి మీటరులో బాగా ఎక్కువ వస్తే నరం నుంచి తీసిన రక్తంతో ఖాయం చేసుకున్నాకే నిర్ణయం తీసుకుంటారు. యాంటీఫాస్ఫోలిపిడ్ సిండ్రోమ్ (ఒంట్లోని యాంటీబాడీల వల్లే రక్తం గడ్డకట్టే జబ్బు) ఉన్నవాళ్లలో మీటరు తప్పుగా ఎక్కువ చూపవచ్చు, వాళ్లు డాక్టరుని అడగకుండా దీని మీద ఆధారపడకూడదు.

వేలిని గోరువెచ్చని నీటితో కడిగి, పూర్తిగా తుడిచి, చేతిని కిందికి దించి ఉంచితే చుక్క తేలిగ్గా వస్తుంది. వేలిని పిండొద్దు. పిండితే కణజాలంలోని ద్రవం కలిసి అంకె మారుతుంది. మొదటి చుక్క చాలకపోతే అదే చోట ఇంకో చుక్క జోడించకుండా, కొత్త స్ట్రిప్‌తో వేరే వేలికి పొడవండి. వచ్చిన అంకెను వెంటనే డైరీలో రాయండి, మీటరు జ్ఞాపకంలో ఉంటుందిలే అని వదిలేయొద్దు. డాక్టరు దగ్గరికి వెళ్లేటప్పుడు తీసుకెళ్లాల్సింది ఆ డైరీనే.